మారేటప్పుడు కొట్టకు

పొద్దున్నే బూట్లకి లేసులు కట్టుకుంటూ మొగుడు పాఠం మొదలెట్టాడు.

"ఎక్కేటప్పుడు కొట్టు. దిగేటప్పుడు కొట్టు. మారేటప్పుడు మాత్రం కొట్టకు. ఏదీ, చెప్పు."

"ఎక్కేటప్పుడు కొట్టాలి, దిగేటప్పుడు కొట్టాలి, మారేటప్పుడు కొట్టకూడదు," అని పెళ్ళాం వేళ్ళు మడుస్తూ అప్పజెప్పింది.

వంటగదిలోంచి అత్తగారు గరిటెతో సహా తొంగిచూసింది. "మంచి పద్ధతేరా. ముందే తెలిస్తే మీ నాన్న మీద వాడి ఉండేదాన్ని. అయినా ఆయనేం మారే రకం కాదులే, కొడుతూనే ఉండాల్సొచ్చేది."

"కార్డమ్మా! రైలు గేటు దగ్గర కార్డు కొట్టడం గురించి చెబుతున్నా."

"నాకు తెలుసులేరా. నా దగ్గరా ఉంది కార్డు. పెద్దవాళ్ళ కార్డు, సగం చార్జీ. నేనూ వెళ్తున్నాగా."

ఈ ముక్క ఇంట్లో ఎవరికీ తెలీదు. మొగుడు పెళ్ళాం వంక చూశాడు, పెళ్ళాం నేల వంక చూసింది. అత్తగారు వెళ్తున్నానంటే ఇక వెళ్తున్నట్టే. ఆవిడ మనసు మార్చడానికి ఆ ఇంట్లో ఇంతవరకూ ఎవరూ పుట్టలేదు.

అతను లిఫ్టులు బాగుచేసే మెకానిక్కు. గోతిలోకి దిగితే ఫోను పనిచెయ్యదు. అందుకే ఏం చెప్పినా పొద్దున్నే చెప్పెయ్యాలి. పెళ్ళాన్ని అతను 'కంగారు' అని పిలుస్తాడు. పెళ్ళైన కొత్తలో ఇద్దరూ సినిమాకి బయల్దేరితే, పొయ్యి కట్టేశానా లేదా అని ఆవిడ సగం దారిలోంచి రెండుసార్లు వెనక్కి పరిగెత్తింది. ఆ రోజు పెట్టిన పేరు. తర్వాత పిల్లాడు పుట్టి, వాణ్ణి సంచిలో వేసి పొట్టకి కట్టుకుని ఇల్లంతా తిరుగుతుంటే, "చూశావా, ఆ జంతువు పేరు నీకు నేను ముందే పెట్టాను," అని ఒకటే గొప్ప. ఇప్పుడు పిల్లాడు సంచిలో పట్టడు. నేల మీద నడుస్తాడు. నడుస్తాడనడం మర్యాద కొద్దీ, నిజానికి పడతాడు. అందుకే వాడి పేరు పిడుగు.

కంగారుకి ఇవాళ ఇంత కంగారెందుకంటే, వాళ్ళమ్మ వస్తోంది. వస్తోందంటే ఇంటికి కాదు. అమ్మ ఒక పెద్దావిడకి ఆయా. ఆ పెద్దావిడ ఆర్నెల్లు కొడుకు దగ్గర, ఆర్నెల్లు కూతురి దగ్గర ఉంటుంది. ఎటు పోతే అటు అమ్మ కూడా పోవాలి, చక్రాల కుర్చీ తోసుకుంటూ. ఎప్పుడూ ఇంకెక్కడో మారేవాళ్ళు, ఈసారి ఈ ఊళ్ళో విమానం మారుతున్నారు. ఒక విమానం ఈ కొస భవనంలో దిగుతుంది, రెండోది ఆ కొస భవనంలో ఎక్కాలి. మధ్యలో టికెట్టు లేని చిన్న రైలు తిరుగుతుంది. ఆ చిన్న రైలు ఆగే చోటు, ఊళ్ళోంచి వచ్చే రైలు స్టేషన్ గేట్లకి సరిగ్గా ఎదురుగా ఉందట.

"ఆ గేట్ల బయట నిలబడతానే," అంది అమ్మ ఫోన్లో. "పెద్దావిడ ఊరుకున్నంతసేపు నిలబడతాను. ఆవిడ ఎంతసేపు ఊరుకుంటుందో నేను చెప్పలేను. బాత్రూమ్‌లో నేను కాస్త ఆలస్యమైతేనే తలుపు బాదుతుంది. నువ్వు మాత్రం పిల్లాణ్ణి తీసుకురా."

పిల్లాణ్ణి అమ్మ ఇంతవరకూ చూళ్ళేదు. పుట్టినప్పుడు సెలవు దొరకలేదు, ఆ తర్వాతా దొరకలేదు. చూసిందంతా ఫోన్లోనే, అదీ మొహం వరకే. ఒక్కోసారి ముక్కు రంధ్రాల వరకే. వాడు ఫోనుని నాకుతాడు మరి. ఆవిడ వాడికి పంపిన మొదటి లాగు వాడి చంకల దాకా వచ్చింది. రెండోది తగ్గించి పంపితే మోకాళ్ళ దగ్గర ఆగిపోయింది.

"ఎంతున్నాడే వాడు? చేత్తో చూపించు," అనేది అమ్మ. కంగారు చెయ్యి చూపిస్తే ఫోన్లో చెయ్యి కనిపించేది గానీ నేల కనిపించేది కాదు. "అసలు మెడ కింద ఉన్నాడా లేడా?" అని నవ్వేది అమ్మ.

ఇవాళ తప్పితే మళ్ళీ ఎప్పుడో. పెద్దావిడకి విమానాలు పడటం లేదని, ఇదే ఆఖరు ప్రయాణమని, ఇక కూతురి దగ్గరే ఉంచేస్తారని అంటున్నారు. ఆవిడ కదలకపోతే అమ్మా కదలదు.

బస్సెక్కగానే కంగారు కార్డు కొట్టింది. కీచ్ మంది. పిడుగు చెవులు నిక్కబొడుచుకున్నాయి.

"నేనూ!"

"వద్దు నాన్నా, అమ్మ కొట్టేసింది."

"నేనూ కీచ్!"

అత్తగారు తన కార్డు వాడి చేతికిచ్చి ఎత్తుకుంది. వాడు కీచుమనిపించి, మళ్ళీ కీచుమనిపించబోతే డ్రైవరు చెయ్యి అడ్డం పెట్టాడు. "ఒక్కసారి చాలు దొరగారూ. బస్సు మీది కాదు."

"ముందు ముందు అవుతుందేమో ఎవరు చూశారులే బాబూ," అంది అత్తగారు. వెళ్ళి కిటికీ పక్కన కూర్చుని, కోడలి చెవిలో, "మీ అమ్మ నన్ను చూసి ఎన్నేళ్ళైంది? పెళ్ళిలోనే కదా. అప్పటికంటే చిక్కానా?" అంది.

"చిక్కారు అత్తయ్యా."

"అబద్ధం చెప్పినా కాస్త ఆలోచించి చెప్పు."

స్టేషన్లో అసలు తిరనాళ్ళ మొదలైంది. గేటు పక్కన గోడ మీద జిరాఫీ బొమ్మ ఉంది. జిరాఫీ కడుపు మీద అడ్డంగా ఎర్రగీత. గీత కింద ఉన్న పిల్లలకి టికెట్టు లేదు, గీత దాటితే పిల్లల టికెట్టు కొనాలి. కిటికీలో మీసాలాయన ఒకడు కూర్చుని, వచ్చిన పిల్లలందర్నీ కళ్ళతోనే కొలుస్తున్నాడు.

పిడుగు నెత్తి సరిగ్గా గీతకి వేలెడు కిందుంది. కానీ నెత్తి మీద వాడికో పిలక జుట్టుంది. ఎంత దువ్వినా లేచి నిలబడే రకం. అది గీతకి పైనుంది.

కంగారు అరచెయ్యి తడి చేసుకుని పిలకని అణిచింది. "కొంచెం వంగు నాన్నా."

"ఎందుకు వంగాలి వాడు?" అత్తగారి గొంతు స్టేషనంతా మోగింది. "నిటారుగా నిలబడరా! మీ తాత పొడుగు నీది. మా ఇంట్లో పొట్టివాళ్ళు లేరు."

"అత్తయ్యా, గీత కిందుంటే టికెట్టు లేదు."

"టికెట్టు కోసం వాణ్ణి పొట్టివాణ్ణి చేస్తావా? ఏమయ్యా, చూడు, దాటాడా లేదా?"

మీసాలాయన ముందుకి వంగి చూశాడు. ఆయన ఉద్యోగంలో టికెట్టు ఎగ్గొట్టడానికి పిల్లల మోకాళ్ళు వంచినవాళ్ళని చూశాడు, బూట్లు విప్పించినవాళ్ళని చూశాడు, మీసాలు రావడం మొదలైన కుర్రాణ్ణి చంకనెత్తుకొచ్చిన తల్లినీ చూశాడు. టికెట్టు కొంటానని దెబ్బలాడేవాళ్ళని చూడటం మాత్రం ఇదే మొదటిసారి.

"దాటలేదమ్మా. అది జుట్టు."

"జుట్టు మనిషిలో భాగం కాదా? నీ మీసాలు నీవి కావా?"

వెనకాల వరుసలో ఎవరో కిసుక్కుమన్నారు. మీసాలాయన మీసాలు ఒకసారి తడుముకుని, "వెళ్ళండమ్మా, వెళ్ళండి," అని గేటు చూపించాడు. కంగారు పిడుగుని ముందుకి తోసి, కార్డు కొట్టి, ఎక్కేటప్పుడు కొట్టాను, అని వేలు మడుచుకుంది. అత్తగారు రైల్లో కూర్చున్నాక కూడా, "ఉచితం ఎవడిక్కావాలి," అని గొణుగుతూనే ఉంది. పిడుగు కార్డు కోసం రాగం అందుకున్నాడు. పెట్టెంతా వీళ్ళ వైపు చూస్తోంది. పరువు పోవడం కంటే కార్డు పోవడం నయమని, కంగారు తన కార్డు వాడి చేతిలో పెట్టింది.

ఆ తప్పు అక్కడ జరిగింది. మిగతావన్నీ దాని పిల్లలు.

మారే స్టేషన్లో జనం వరదలా ఉన్నారు. విమానం బొమ్మ ఉన్న బాణాల వెంట పొమ్మన్నాడు మొగుడు. బాణాల వెంట పోతుంటే సొరంగంలాంటి దారిలో, గేటూ లేదు గీటూ లేదు, ఒంటరిగా ఒక కంబం నిలబడి ఉంది. దాని నెత్తిన పచ్చ దీపం. కొంతమంది దానికి కార్డు కొట్టి పక్కనున్న దుకాణాల్లోకి మళ్ళుతున్నారు, కొంతమంది దాన్ని పట్టించుకోకుండా పోతున్నారు. కంగారుకి కొట్టేవాళ్ళు కనిపించారు గానీ వాళ్ళు ఎటు మళ్ళుతున్నారో ఆ తోపులాటలో కనిపించలేదు. పైన బోర్డు ఉంది. బడి మధ్యలో ఆపేసిన మనిషి, అక్షరాలు కూడబలుక్కోవాలి. "ఇక్కడ..." అని మొదటి మాట చదివిందో లేదో,

కీచ్.

కంబం సరిగ్గా పిడుగు ఎత్తే ఉంది.

"అయ్యో! కొట్టేశాడు!"

"ఎవర్నీ?" అంది అత్తగారు చుట్టూ చూస్తూ.

"కార్డు! నా కార్డు! మారేటప్పుడు కొట్టేశాడు అత్తయ్యా! మారేటప్పుడు కొట్టొద్దన్నారు కదా!"

"గుండె బాదుకోకు. ఇంకోసారి కొట్టు, సరిపోతుంది."

"సరిపోతుందా?"

"లైటు స్విచ్చి ఒకసారి నొక్కితే వెలుగుతుంది, రెండోసారి నొక్కితే ఆరుతుంది. అంతే కదా. వాడు వెలిగించాడు, నువ్వు ఆర్పు."

ఆ క్షణంలో కంగారుకి ఇంతకంటే తెలివైన మాట లోకంలో ఎవరూ చెప్పి ఉండరనిపించింది. కార్డు లాక్కుని కొట్టింది. కీచ్.

"ఆరిందా?"

"ఏమో, పచ్చగానే ఉంది."

"ఇందాకా పచ్చే కదా? అంటే ఇప్పుడు కూడా వెలిగినట్టా?"

ఈలోగా పిడుగు, వాళ్ళమ్మ కూడా ఈ ఆటలో ఉందని తేలాక, తన వంతు వచ్చిందనుకున్నాడు. ఎగిరి అమ్మ చెయ్యి పట్టుకుని కార్డుతో సహా కంబానికి అంటించాడు. కీచ్.

"ఎన్నైనాయి ఇప్పుడు?"

"మూడు," అంది కంగారు ఏడుపు గొంతుతో.

"నాకు నాలుగు వినబడ్డాయి."

"ఒకటి పక్కాయనది."

"పక్కాయన ముందు కొట్టాడా, మధ్యలో కొట్టాడా?"

"పక్కాయన సంగతి మనకెందుకు అత్తయ్యా!"

ఇంకోటి కొడదామా వద్దా అని అత్తాకోడళ్ళు కంబం ముందు పంచాయితీ పెట్టుకుంటే, వెనకాల సూట్‌కేసులవాళ్ళు చక్రాలతో మడమలు తొక్కుతున్నారు. అప్పుడే మైకులో విమానాశ్రయం రైలు వచ్చిందని చెప్పారు. కంగారు పిల్లాణ్ణి చంకనేసుకుని పరిగెత్తింది. పరిగెడుతూనే మొగుడికి ఫోను చేసింది. అతను ఏ గోతిలో ఉన్నాడో, మోగి మోగి ఆగిపోయింది.

రైల్లో అందరి దగ్గరా మంచాలంత పెట్టెలు. వీళ్ళ దగ్గర బిస్కెట్ పొట్లం ఒకటి. కంగారు కార్డుని రెండు చేతుల మధ్య పెట్టుకుని, జ్వరం చూసినట్టు చూస్తోంది.

"పట్టుకుంటారా అత్తయ్యా?"

"ఎవరు?"

"పోలీసులు."

"పట్టుకుంటే పట్టుకుంటారు. పిల్లాణ్ణి నేను పెంచుతాలే. నీ మొగుణ్ణి పెంచలేదూ?" అని, కోడలి మొహం చూసి కాస్త తగ్గింది. "ఊరుకో. కార్డు కొట్టినందుకు ఎవరైనా జైల్లో పెడతారా? కొట్టనందుకు పెడతారు గానీ."

"నేను కొట్టానో లేదో నాకే తెలీటంలేదుగా!"

అమ్మ ఫోను చేసింది. వెనకాల పెద్దావిడ గొంతు, ఎవర్నో తిడుతూ. "దిగామే. గేట్ల దగ్గరికొచ్చేశాను. మీరెక్కడ?"

"వస్తున్నామమ్మా. అమ్మా, ఎంతసేపుంటావు?"

"ఇప్పుడే వెళ్దాం వెళ్దాం అంటోంది. కుర్చీ బ్రేకు బిగుసుకుపోయిందని చెప్పాను. ఆ బ్రేకు ఎంతసేపు బిగుసుకుంటుందో చూద్దాం."

విమానాశ్రయం స్టేషన్లో మెట్లెక్కి పైకొచ్చేసరికి గేట్ల వరుస కనిపించింది. గేట్ల అవతల చక్రాల కుర్చీ. కుర్చీ వెనక, పొట్టిగా, బూడిద రంగు స్వెట్టర్లో, అమ్మ. ఫోన్లో కనబడేదానికంటే ఇంకా పొట్టిగా ఉంది. కంగారు కాళ్ళు వాటంతటవే పరిగెత్తాయి. కార్డు కొట్టింది.

టంగ్.

కీచ్ కాదు. టంగ్. ఎర్ర దీపం. గేటు కదల్లేదు. కంగారు వెళ్ళి దానికి గుద్దుకుంది.

మళ్ళీ కొట్టింది. టంగ్. పక్క గేటు దగ్గర కొట్టింది. టంగ్.

అత్తగారు తన కార్డు కొట్టింది. కీచ్. దర్జాగా బయటికెళ్ళిపోయింది. ఆవిడ వెనకాలే పిడుగు, గేటు రెక్కల కిందనుంచి వంగకుండానే దూరిపోయాడు. గీత కిందవాళ్ళకి గేటు లేనట్టే.

అమ్మ కుర్చీ వదిలేసి రెండడుగులు ముందుకొచ్చి ఆగిపోయింది. పిడుగు ఆవిణ్ణి చూశాడు. ఫోన్లో మనిషికి కాళ్ళున్నాయని వాడికీ ఇప్పుడే తెలిసింది. వెంటనే వెనక్కి తిరిగి గేటు కిందనుంచి దూరి కంగారు దగ్గరికొచ్చేశాడు.

"రావే బయటికి!" అంది అమ్మ గేటు మీదనుంచి.

"రానివ్వడం లేదమ్మా!"

చివర ఒక కిటికీ ఉంది, దాని ముందు పెట్టెలవాళ్ళ వరుస గోడ మలుపు తిరిగి ఉంది. లోపల నీలం కోటు అమ్మాయి ఒక్కతే, ఏదో దేశం మ్యాపు పట్టుకొచ్చినాయనకి ఈ ఊరు ఆ మ్యాపులో లేదని నచ్చజెబుతోంది. ఆ వరుసలో నిలబడితే పిడుగుకి మీసాలొస్తాయి.

"ఏయ్! ఎక్కడ చచ్చావు? బ్రేకు వచ్చిందా?" అని కుర్చీలోంచి పెద్దావిడ కేకేసింది.

అమ్మ అటు చూసింది, ఇటు చూసింది. గేటు మీదనుంచి చెయ్యి చాపితే కూతురి చెయ్యి అందింది గానీ మొహం అందలేదు. ఇద్దరూ పొట్టివాళ్ళే.

అప్పుడు అత్తగారు ఒక పని చేసింది. తర్వాత చాలాకాలం ఆవిడ ఈ పని గురించి ఎవరడిగినా, "ఆ, ఏదోలే," అనేది. తన పెద్దవాళ్ళ కార్డు తీసి వియ్యపురాలి చేతిలో పెట్టింది.

"వదినగారూ, అది బయటికి రాలేకపోతే మీరు లోపలికి పొండి."

"మరి పెద్దావిడ?"

"నేను చూస్తాలెండి. మొగుణ్ణి, కొడుకునీ చూసినదాన్ని, కుర్చీలో ఆవిణ్ణి చూడలేనా? పొండి!"

కీచ్.

అమ్మ లోపలికొచ్చింది. ఆ తర్వాత కాసేపు ఏం జరిగిందో కంగారుకి సరిగ్గా తెలీదు, స్వెట్టరు ఉన్ని మొహానికి గుచ్చుకోవడం తప్ప. పక్కనుంచి పెట్టెలవాళ్ళు తిట్టుకుంటూ పోయారు. పిడుగు ఇద్దరి మధ్యా ఇరుక్కుని ఊపిరాడక, "నేనూ!" అని అరిచాడు. అమ్మ వాణ్ణి ఎత్తుకుంది. ఎత్తుకుని, "బరువు! అబ్బో, బరువున్నాడే!" అంది. ఫోన్లో బరువు కూడా కనబడదు మరి.

గేటు బయట వేరే కథ నడుస్తోంది. పెద్దావిడకి కళ్ళు ఆనవు. కొత్త ఆయా వచ్చిందనుకుంది.

"కాళ్ళు పీట మీద సరిగ్గా పెట్టు."

"పెట్టానండీ."

"పాతదానికంటే నువ్వు లావు."

అత్తగారు నోరు తెరిచి, గేటు లోపలికి ఒకసారి చూసి, నోరు మూసుకుంది. ఆవిడ అలా నోరు మూసుకోవడం కంగారు పుట్టాక చూడలేదు. కాపురానికొచ్చాక అసలే చూడలేదు.

"వెళ్దాం పద. విమానం పోతుంది. బ్రేకు బాగైందా?"

"బాగవుతోందండీ. బోల్టు దొరకట్లేదు. మావాడు మెకానిక్కు, వాడుంటే ఈపాటికి అయిపోయేది."

లోపల అమ్మ పిడుగుని దించి, కాస్త దూరం జరిగి, తలనుంచి కాళ్ళ దాకా చూసింది. మళ్ళీ కాళ్ళనుంచి తల దాకా చూసింది. "ఇంతున్నాడా!" అంది. ఆ మాట రెండుసార్లు అంది. తర్వాత కళ్ళు తుడుచుకుని, "సరే, పోతానే. నిజంగానే విమానం పోతుంది," అని గేటు దగ్గరికెళ్ళి కార్డు కొట్టింది.

టంగ్.

తల్లీకూతుళ్ళు మొహాలు చూసుకున్నారు. ఇప్పుడు ఇద్దరూ లోపలే. బయట అత్తగారు, కుర్చీ, పెద్దావిడ, ఎగిరిపోబోతున్న విమానం.

"నాకు తెలుసు," అంది కంగారు. "నాకు తెలుసు, నా వల్ల నీ ఉద్యోగం పోతుంది."

"ఉద్యోగం పోతే నీ ఇంట్లో పడుంటాను. ఏడవకు."

బయటనుంచి అత్తగారు ఈ మాట వింది. వినగానే ఆవిడ ఏమనుకుందో గానీ, పెద్దావిడ చెవి దగ్గర వంగి, "అమ్మగారూ, మీ ఆయాని లోపల ఆపేశారట. మిమ్మల్ని పోనివ్వరట," అంది.

"ఎవరూ?" అంది పెద్దావిడ.

"అదిగో, ఆ నీలం కోటు పిల్ల."

పెద్దావిడ కళ్ళు పోయాయి గానీ గొంతు పోలేదు. ఆ కేకకి మ్యాపు పట్టుకున్నాయన మ్యాపు జారవిడిచాడు. స్టేషన్లో ఎక్కడివాళ్ళక్కడ ఆగిపోయారు. ఆ స్టేషన్లో అంతవరకూ ఎవరి కోసమూ కిటికీ వదిలి రాని నీలం కోటు అమ్మాయి, కిటికీ వదిలి పరిగెత్తుకుంటూ వచ్చింది.

"ఏమైందండీ? ఏమైంది?"

నలుగురూ ఒక్కసారే చెప్పారు. పిడుగు కూడా వాడికి తెలిసింది చెప్పాడు, "కీచ్, కీచ్, కీచ్" అని. అందులో వాడిదే ఖచ్చితమైన సాక్ష్యం. నీలం కోటు అమ్మాయి కంగారు కార్డుని చేతిలోని మిషనుకి ఆనించి చూసింది.

"మారే చోట కంబానికి కొట్టారా? అది అక్కడే దిగిపోయేవాళ్ళకండీ. ఒకసారి కొడితే దిగినట్టు, రెండోసారి మళ్ళీ ఎక్కినట్టు, మూడోసారి మళ్ళీ దిగినట్టు."

"నే చెప్పలేదూ స్విచ్చని!" అంది అత్తగారు గేటు బయటనుంచి. "రెండింటితో ఆపి ఉంటే సరిపోయేది. మూడోది వాడు కొట్టాడు."

"ఈ కార్డు లెక్కలో మీరు అక్కడే దిగిపోయారు. ఇక్కడికి రాలేదు. మీరిక్కడ లేరు."

"నేనిక్కడ లేకపోతే ఈ ఏడుపెవరిది?" అంది కంగారు.

నీలం కోటు అమ్మాయి నవ్వాపుకుని అమ్మ వైపు తిరిగింది. "మీ కార్డులో గొడవేంటంటే, మీరు ఇక్కడే లోపలికొచ్చి, ఎక్కడికీ వెళ్ళకుండా ఇక్కడే బయటికి పోతున్నారు. దానికి ఒప్పుకోదు."

"ఎక్కడికీ వెళ్ళలేదా?" అమ్మ కూతురి భుజం మీద చెయ్యేసింది. "అమ్మాయీ, వీడు పుట్టినప్పట్నుంచీ ఇక్కడికి రావాలని చూస్తున్నానమ్మా. ఇప్పటికొచ్చాను. ఎక్కడికీ వెళ్ళలేదంటుందేం నీ మిషను?"

నీలం కోటు అమ్మాయి రెండు కార్డులూ తీసుకుని మిషన్లో ఏవో నొక్కింది. "చార్జీ పట్టుకుంది, ఇక ఏం లేదు," అని వెడల్పాటి గేటు తెరిచింది. తెరుస్తూ అమ్మ కార్డు వెనక్కీ ముందుకీ తిప్పి, "ఇది పెద్దవాళ్ళ కార్డు కదండీ?" అంది.

"నేను మాత్రం చిన్నపిల్లనా?"

వెడల్పాటి గేటు పక్కన ఇక్కడా ఒక జిరాఫీ ఉంది, కడుపు మీద ఎర్రగీతతో. అమ్మ అక్కడ ఆగింది. ఆగకూడదు, విమానం ఆగదు కదా. అయినా ఆగింది.

"ఇదేంటే?"

"పిల్లల్ని కొలిచే గీతమ్మా. దాటితే టికెట్టు కొనాలి."

"నిలబెట్టు వాణ్ణి. ఎంతున్నాడో చూస్తాను."

పిడుగుకి ఈపాటికి అలవాటైపోయింది. వెళ్ళి జిరాఫీకి ఆనుకుని నిలబడ్డాడు. కంగారు చెయ్యి దానంతటదే పిలక మీదికి పోయింది, అణచడానికి. అమ్మ ఆ చెయ్యి పట్టుకుని పక్కకి తీసింది. పిలక లేచి నిలబడింది.

"దాటాడు!" అంది అమ్మ.

"దాటాడు! పొద్దున్నే చెప్పాను, ఎవరైనా విన్నారా?" అంది అత్తగారు కుర్చీని దడదడ తోసుకొచ్చి.

"అది జుట్టండీ," అంది నీలం కోటు అమ్మాయి. "జుట్టు లెక్కలోకి రాదు."

ఇద్దరమ్మమ్మలూ, కాదు, ఒకమ్మమ్మా ఒక నాన్నమ్మా, ఒకేసారి ఆ పిల్ల మీదికి తిరిగారు. "జుట్టు వాడిది కాదా?"

వీళ్ళిద్దరూ ఒక మాట మీద నిలబడటం పెళ్ళి దగ్గర్నుంచీ ఇదే మొదలు. ఫోన్లో ఎప్పుడూ వాడి ముక్కు మాదంటే మాదని కొట్టుకునేవాళ్ళు. కంగారు ఇద్దర్నీ చూసింది. పొద్దుట్నుంచీ వాడి నెత్తి మీద పెట్టి పెట్టి తిమ్మిరెక్కిన తన చేతినీ చూసుకుంది.

"దాటాడండీ," అంది. "పిల్లల టికెట్టు ఒకటివ్వండి, తిరుగుప్రయాణానికి."

"అక్కర్లేదండీ, ఉచితంగా పోవచ్చు."

"ఇవ్వండి."

అమ్మ పిడుగుని తన కాళ్ళకి ఆనించి నిలబెట్టుకుంది. అరచేతిని వాడి నెత్తి మీద పడుకోబెట్టి, ఆ చేతిని కదపకుండా తన ఒంటికి ఆనించి చూసుకుంది. స్వెట్టరు కింది గుండీకి కొంచెం కింద. "ఇక్కడికి," అంది, ఎవరికో చెబుతున్నట్టు.

చిన్న రైలొచ్చింది. అత్తగారు కుర్చీని లోపలికి ఎక్కించి, బ్రేకు వేసి, దిగింది. "ఈ ఆయా నయమే. మాట పడుతుంది," అంది పెద్దావిడ. అత్తగారు పళ్ళు బిగబట్టి, "సంతోషమండీ," అంది.

తలుపులు మూసుకున్నాయి. అద్దంలోంచి అమ్మ వీళ్ళ వైపు చూడటంలేదు. వంగి పెద్దావిడకి ఏదో చెబుతోంది, అరచెయ్యి స్వెట్టరు గుండీ కింద అలాగే పెట్టుకుని. రైలు కదిలి మలుపు తిరిగేదాకా ఆ చెయ్యి కిందికి దిగలేదు.

కంగారు ముక్కు చీదుకుంటుంటే ఫోను మోగింది. లిఫ్టు గోతిలోంచి మెకానిక్కు గారు పైకొచ్చారు.

"కలిశారా? అంతా బాగానే జరిగిందా? మారేటప్పుడు కొట్టలేదుగా?"

కంగారు అత్తగారి వంక చూసింది. అత్తగారు ఫోను లాక్కుంది.

"ఎవరూ ఎవర్నీ కొట్టలేదురా. నీ పెళ్ళాం చక్కగా తీసుకొచ్చింది. నువ్వే అనవసరంగా దాన్ని కంగారూ కంగారూ అని కంగారుపెడుతున్నావు. ఇక ఆ పేరు మానెయ్."

వెనకాల గేటు దగ్గర పిడుగు తన సొంత టికెట్టు, సొంత చేత్తో, మునివేళ్ళ మీద లేచి కొట్టాడు.

కీచ్.

"ఆ చప్పుడేంటమ్మా?"

"నీ కొడుకురా," అంది అత్తగారు. "గీత దాటాడు."

కంగారు గబుక్కున వెళ్ళి వాడి చేతిలోంచి టికెట్టు తీసేసుకుంది. ఒకటే విన్నానా, రెండు విన్నానా అని వేళ్ళు మడిచి లెక్కపెట్టుకుంది. ఒకటే.